కర్త లేని వాక్యం



ఈ మధ్య ఒక మాట మన హాస్టల్ గదుల దాకా వచ్చింది. "విధితో కొట్లాడకు, విధితో కలిసి నడువు. నీకు రాసి ఉన్నది నీకు వస్తది. రానిది నీది కాదు. ఇది ఒప్పుకున్న రోజే నీకు శాంతి." నిమిషం వీడియోల్లో చెప్తున్నారు. వ్యక్తిత్వ వికాసం క్లాసుల్లో చెప్తున్నారు. ఒకప్పుడు పంచాంగం పట్టుకొని అరుగు మీద కూర్చున్నాయన చెప్పిన మాటనే ఇప్పుడు కోటు వేసుకొని, చెవికి మైకు తగిలించుకొని ఇంకొకాయన చెప్తున్నాడు. మాట పాతదే, టికెట్టు కొత్తది.

ఇది విని నవ్వి ఊరుకోవచ్చు. కానీ పరీక్ష పోయిన పిల్లలు, స్కాలర్‌షిప్ రాని పిల్లలు, ఇంటర్వ్యూలో ఇంటిపేరు అడిగించుకొని బయటికొచ్చిన పిల్లలు ఈ వీడియోలను రాత్రి రెండు గంటలకు చూస్తున్నారు. వాళ్లకు ఆ మాట మందులాగా పని చేస్తున్నది. ఆ మందు దేనితో చేశారో ఈ వారం చూద్దాం. నేను తెలుగు పాఠం చెప్పే మనిషిని కాబట్టి వ్యాకరణం నుంచే మొదలుపెడతా. విసుక్కోకండి, బడిలో చదివిందే.

"దొర మల్లయ్యను కొట్టిండు." ఇందులో కర్త దొర. కర్మ మల్లయ్య. క్రియ కొట్టడం. దెబ్బ ఎవరిది, ఎవరికి తగిలింది అన్నీ తేటగా కనబడుతున్నాయి.

"మల్లయ్య కొట్టబడ్డాడు." మల్లయ్య ఉన్నాడు, దెబ్బ ఉంది. దొర మాయమయ్యాడు.

"మల్లయ్యకు దెబ్బలు రాసిపెట్టి ఉన్నయి." ఇప్పుడు దొర లేడు సరే, కొట్టడం కూడా లేదు. రాయడం ఒక్కటే మిగిలింది. ఆ రాసింది ఎవరో వాక్యంలో లేదు.

విధివాదం మొత్తం ఈ మూడో వాక్యంలో ఉంది. కర్తను తీసేస్తే మిగిలేది కర్మ. వ్యాకరణంలో కర్మ అంటే పని ఎవరి మీద జరిగిందో ఆ మనిషి. మన వాడుకలో ఆ మాటకే ఒత్తు పెట్టి ఖర్మ అంటాం. రెండు చోట్లా అక్కడ నిలబడ్డది మనమే.

"తలరాత" అనే మాట కూడా ఒకసారి చూడండి. వందల ఏండ్లు మనల్ని అక్షరం దగ్గరికి రానియ్యలేదు. పలక లేదు, బడి లేదు, పురాణం చెప్పే చోట నీడ కూడా పడొద్దు. అట్లాంటి మనకు ఒక్క రాత మాత్రం ఉచితంగా ఇచ్చారు, అది నుదుటి మీద. ఎవరి నుదురు వాళ్లకు కనబడదు. ఎదుటివాడే చదివి చెప్పాలి. మన గురించి మన ఒంటి మీదే రాసి ఉన్నదట, మనం తప్ప అందరూ చదవగలరట.

"విధి" ఇంకా గట్టి మాట. విధి అంటే తలరాత. విధి అంటే డ్యూటీ కూడా. విధి అంటే శాస్త్రం పెట్టిన నియమం. మూడూ ఒకే మాటలో ఎట్లా ఇమిడినయో ఆలోచించండి. ముందు ఎవరో నియమం పెట్టారు. ఆ నియమం కొందరికి పని అయింది. ఆ పనిలోనే తాతా తండ్రీ కొడుకూ పోతే అది తలరాత అయింది. "విధించు" అనే క్రియ మన భాషలో ఇప్పటికీ బతికే ఉంది. పన్ను విధిస్తారు, జరిమానా విధిస్తారు, శిక్ష విధిస్తారు. విధించేవాడు లేకుండా ఏదీ విధింపబడదు.

ఇప్పుడు అసలు విధివాదుల దగ్గరికి పోదాం. వాళ్ల మాట తెలిస్తే, ఈ వీడియోల సరుకులో ఎంత కల్తీ ఉందో తెలుస్తది.

బుద్ధుని కాలంలోనే మక్ఖలి గోసాలుడు ఉన్నాడు. ఆజీవకుల గురువు. ఆయన సిద్ధాంతం పేరు నియతి. మనిషి ప్రయత్నం లేదు, బలం లేదు, కారణం లేదు. ఎనభై నాలుగు లక్షల మహాకల్పాలు తిరిగి తిరిగి మూర్ఖుడూ పండితుడూ ఒకేలా దుఃఖం నుంచి బయటపడతారు. విసిరిన దారపు ఉండ ఉన్నంతసేపు విప్పుకుంటూ పోతుంది, దారం అయిపోతే ఆగుతుంది. జీవితం కూడా అంతే. మంచి చేసినా దారం తరగదు, చెడు చేసినా పెరగదు. ఈ మాటలు ఆయన సొంత పుస్తకంలోంచి మనకు దొరకలేదు. ఆజీవకుల గ్రంథాలు ఒక్కటీ మిగల్లేదు. బౌద్ధులూ జైనులూ వాళ్లను ఖండించడానికి రాసినదాంట్లోంచే మనం వాళ్లను ఏరుకోవాలి. ఓడినవాళ్ల చరిత్ర గెలిచినవాళ్ల పుస్తకంలో వెతకడం మనకు అలవాటే కదా.

అశోకుడు తన పాలన పన్నెండో ఏట బిహార్‌లోని బరాబర్ కొండల్లో వీళ్లకు గుహలు తొలిపించి ఇచ్చాడు. ఆయన మనుమడు దశరథుడు నాగార్జుని కొండలో ఇచ్చాడు. ఉత్తరాన మాయమైనా దక్షిణాన వీళ్లు 14వ శతాబ్దం దాకా ఉన్నారని చరిత్రకారుడు బాషమ్ 1951లో వచ్చిన పుస్తకంలో చూపించాడు. అంటే చిన్నాచితకా మతం కాదు, సుమారు రెండు వేల ఏండ్లు బతికింది.

గోసాలుడి గురించి బౌద్ధ వ్యాఖ్యాత బుద్ధఘోషుడు ఒక కథ చెప్పాడు. గోసాలుడు బానిస. బురద నేల మీద నూనె కుండ మోసుకుపోతున్నాడు. "జారకు" అని యజమాని అరిచాడు. జారాడు, కుండ పగిలింది. భయంతో పరుగెత్తాడు. యజమాని వెంటబడి బట్ట అంచు పట్టుకుంటే, ఆ బట్ట వదిలేసి దిసమొలతో పారిపోయాడు. మక్ఖలి అనే పేరు ఆ "జారకు" అన్న అరుపులోంచే వచ్చిందట. ప్రత్యర్థులు వెక్కిరించడానికి కట్టిన కథ కావచ్చు. నాకు మాత్రం ఇది వెక్కిరింతలాగా వినబడదు. పగిలిన కుండకు దెబ్బలు తినాల్సిన బానిస "కుండ పగలడం నా తప్పు కాదు, అది అట్లా జరగాల్సి ఉంది" అని అనుకుంటే అందులో అన్యాయమేముంది? ఆ మనిషికి నియతి ఒక ఊపిరి.

ఇక్కడొక సంగతి గమనించండి. గోసాలుడి నియతిలో నింద లేదు. నువ్వు పేదగా పుట్టావు, అందుకు కారణం నీ పాపం కాదు అంటుంది. కర్మ సిద్ధాంతం అట్లా కాదు. ఛాందోగ్యోపనిషత్తు ఐదో అధ్యాయంలో లెక్క స్పష్టంగా ఉంది. మంచి నడత ఉన్నవాళ్లు బ్రాహ్మణ, క్షత్రియ, వైశ్య గర్భాల్లో పుడతారు, చెడు నడత ఉన్నవాళ్లు కుక్క, పంది, చండాల గర్భాల్లో పుడతారు. మనల్ని ఏ వరుసలో నిలబెట్టారో చూశారా? ఊర్లల్ల ఇప్పటికీ వినే "పెట్టి పుట్టాలె" అనే మాట ఆ లెక్కదే. బంగళా ఉన్నవాడు పోయిన జన్మలో దానం పెట్టి పుట్టాడు. గుడిసెలో ఉన్నవాడు పెట్టలేదు. దెబ్బ తగలడం ఒక బాధ, ఆ దెబ్బకు నువ్వే బాకీ ఉన్నావని చెప్పడం ఇంకో బాధ. ఇవాళ్టి వీడియోలు చేసే పని ఏమిటంటే, మాటలు గోసాలుడివి వాడి లెక్క కర్మది పెడతాయి. "అంతా ముందే రాసి ఉంది" అంటాయి, ఆ వెంటనే "నీ ఆలోచనలు మంచిగ లేకనే నీకిట్లా" అంటాయి. శాంతి పేరు మీద నిందను అమ్ముతున్నాయి.

బాబాసాహెబ్ 'బుద్ధుడు, ఆయన ధమ్మం'లో ఇదే ముడి విప్పాడు. ఆ పుస్తకం ఆయన పోయాక 1957లో వచ్చింది. గత జన్మ కర్మ వల్ల ఈ జన్మ పేదరికం అనే సిద్ధాంతం బుద్ధుడిది కానేకాదని వాదించాడు. మరి ఎవరికి అది పనికొచ్చింది? పేదల స్థితికి రాజ్యమూ సమాజమూ బాధ్యత పడకుండా తప్పించుకోవడానికి అంటాడు. నా వ్యాకరణంలో చెప్పాలంటే, బాబాసాహెబ్ వాక్యంలో తప్పిపోయిన కర్తను పట్టుకొచ్చి నిలబెట్టాడు.

బుద్ధుడు కూడా గోసాలుడిని ఊరికే వదల్లేదు. అన్ని వాదాల్లోకీ ఇది వెంట్రుకల కంబళి లాంటిది అన్నాడు. చలికాలం చల్లగా, ఎండాకాలం వేడిగా ఉంటుంది. కప్పుకున్నవాడికి ఏ కాలంలోనూ పనికిరాదు.

అయితే నాకు అన్నిటికన్నా నచ్చిన వాదన జైనుల పుస్తకంలో ఉంది. 'ఉవాసగదసావో' ఏడో అధ్యాయం. సద్దాలపుత్తుడు కుమ్మరి. ఐదు వందల కుండల దుకాణాలున్న ఆసామి, ఆజీవకుల భక్తుడు. ఒకరోజు కుండలు ఎండబెడుతుంటే మహావీరుడు వచ్చి అడిగాడు. ఈ కుండలు ఎట్లా తయారైనయి? మట్టి తెచ్చాం, నీళ్లు కలిపాం, బూడిదా పేడా కలిపి పిసికాం, సారె మీద పెట్టాం. అయితే ఇది ప్రయత్నంతో అయిందా, ప్రయత్నం లేకుండానా? భక్తుడు కదా, తడుముకోకుండా చెప్పాడు. ప్రయత్నం అనేదే లేదు, అంతా నియతి.

మహావీరుడు అప్పుడు ఇంకో ప్రశ్న వేశాడు. నీ కూలివాళ్లలో ఒకడు ఈ కుండలు దొంగిలిస్తే, పగలగొడితే, నీ భార్య జోలికి వస్తే ఏం చేస్తావు? సద్దాలపుత్తుడు ఊగిపోయాడు. తిడతా, కొడతా, కట్టేస్తా, ప్రాణం తీస్తా అన్నాడు. మరి ప్రయత్నమే లేదన్నావు కదా, వాడేం చేశాడని కొడతావు?

కుమ్మరి దగ్గర జవాబు లేదు.

చూశారా, తయారయ్యేటప్పుడు కుండ నియతి. పగిలినప్పుడు మాత్రం ఎవడో పగలగొట్టాడు. తన కుండ పగిలిందంటే ఎంతటి విధివాదికైనా కర్త దొరుకుతాడు.

ఇదే కథకు గ్రీకులది ఒకటి జోడు ఉంది. ఈ మధ్య వీడియోల్లో 'స్టోయిక్' అని తెగ తిరుగుతున్నది కదా, ఆ సంప్రదాయాన్ని మొదలుపెట్టిన జెనో గురించి. తన బానిస ఏదో దొంగిలిస్తే జెనో కొడుతున్నాడు. బానిసకు యజమాని తత్వం తెలుసు. "నేను దొంగిలించాలని విధి రాసి ఉంది" అన్నాడు. "నువ్వు దెబ్బలు తినాలని కూడా రాసి ఉంది" అన్నాడట జెనో. ఇది చెప్పి జనం నవ్వుతారు, తెలివైన జవాబు అంటారు. నేను మాత్రం కర్ర ఎవరి చేతిలో ఉందని చూస్తా. ఇద్దరి నోటా విధి ఒకటే. ఒకరి చేతిలో కర్ర ఉంది, ఇంకొకరి వీపు మీద వాత ఉంది. విధి అనే మాటకు బలం దానిలోంచి రాదు, పలికేవాడి చేతిలో ఉన్నదాంట్లోంచి వస్తది.

ఇంటి దొంగతనం మీద పోలీసు స్టేషన్‌కు పోయి "పోవాల్సి ఉంది, పోయింది" అన్నవాళ్లను నేను చూడలేదు. పొలం గట్టు జానెడు జరిగితే "రాసి ఉంది" అని ఊరుకున్న పెద్దమనిషిని చూడలేదు. భూమి లేనివాడికి మాత్రం రాసి లేదంటారు.

"మేడం, ఇదంతా పుస్తకాల మాట, మన జనమే రాత రాత అంటరు కదా" అని మీరు అడగొచ్చు. అడగాలి కూడా. మన జనం నిజంగా విధితో సర్దుకున్నారా? నేను పుట్టి పెరిగిన సికింద్రాబాద్ వైపు చూడండి.

1806లో సికందర్ జా పేరు మీద ఈ ఊరికి పేరు పెట్టారు. దండు ఊరు ఇది, కంటోన్మెంటు. ఆ దండులో పని చేసే సురిటి అప్పయ్య 1813లో ఉజ్జయినికి బదిలీ మీద పోయాడు. అప్పుడు ఇక్కడ కలరా. జనం పిట్టల్లా రాలిపోతున్నారు. అప్పయ్య ఉజ్జయిని మహంకాళి ముందు నిలబడి మొక్కుకున్నాడు. మా ఊరిని కాపాడు, నీకు గుడి కడతా. 1815లో తిరిగొచ్చి అమ్మవారిని నిలబెట్టాడు. ఇవాళ ఆషాఢంలో లక్షల మంది వచ్చే లష్కర్ బోనాలు అట్లా మొదలైనయని ఈ ఊరు చెప్పుకుంటది. మొక్కు మంచిదా చెడ్డదా అనే చర్చ ఇంకో వారం చేసుకుందాం. నాకిక్కడ కావాల్సింది మొక్కు స్వభావం. అది ఒప్పందం. నువ్విది చెయ్, నేనిది చేస్తా. రాసి ఉన్నదాన్ని ఒప్పుకున్నవాడు మొక్కుకోడు. మొక్కుకున్నాడంటే మార్చాలనుకున్నట్టే.

బోనాల మర్నాడు రంగం. మాతంగి పచ్చి కుండ మీద నిలబడి భవిష్యవాణి చెప్తది. పైకి చూస్తే ఇంతకన్నా విధివాదం ఏముంటుంది అనిపిస్తది. కానీ చెవి పెట్టి వినండి. అక్కడ అడిగేవాళ్లు వానలు పడతాయా అని అడుగుతారు, రోగాలు వస్తాయా అని అడుగుతారు. అమ్మ అలుగుతుంది. నన్ను సరిగా చూస్తలేరు అని ఫిర్యాదు చేస్తుంది. తప్పైంది తల్లీ, వచ్చేసారి మంచిగ చేస్తం అని బతిమాలుతారు. సరే, కాపాడతా అంటుంది. ఇది తీర్పు వినిపించడం కాదు, బేరం. దేవుడితో కూడా బేరమాడే జనం మనం. మన పెద్దల భక్తిలో కొట్లాట ఉంది.

ఇదే ఊర్లో 1897 ఆగస్టు 20న, బేగంపేటలో రొనాల్డ్ రాస్ అనే మిలిటరీ డాక్టరు దోమ కడుపు కోసి మలేరియా పురుగును చూశాడు. అప్పటిదాకా మలేరియా అంటే చెడ్డ గాలి. ఆ పేరుకు అర్థమే అది. గాలికి కర్త ఎవరు? ఎవరూ కాదు, అందుకే ఎవరూ ఏమీ చేయలేకపోయారు. కర్త దోమ అని తేలింది, అప్పటి నుంచి నీళ్ల గుంటలు పూడ్చడం మొదలైంది. రాస్‌కు 1902లో నోబెల్ వచ్చింది. ఆ దోమలకు తన ఒళ్లు అప్పగించి, ఒక్కో దోమకు ఒక అణా తీసుకున్న రోగి హుస్సేన్ ఖాన్ పేరు కూడా గుర్తుపెట్టుకోండి. ఆ వాక్యంలో ఆయన కూడా కర్తే.

ఇంకొంచెం లోపలికి పోదాం. చిందు కళాకారులు ఆడే జాంబపురాణం మాదిగ వాడల్లో పుట్టి పెరిగినవాళ్లకు తెలుసు. అందులో జాంబవుడు భూమి పుట్టకముందే పుట్టినవాడు. బ్రాహ్మడితో వాదానికి దిగి నిలబడేవాడు. భూమికన్నా ముందు పుట్టినవాడి నుదుట ఎవరు రాస్తారు? రాసే చెయ్యి ఇంకా పుట్టలేదు కదా! మన పూర్వీకులు తలరాత సిద్ధాంతానికి పుస్తకంతో కాదు, కథతో జవాబు చెప్పారు.

ఆ తర్వాత మనవాళ్లు పుస్తకంతో కూడా చెప్పారు. 1888లో హైదరాబాద్‌లో పుట్టిన మాదరి భాగయ్య మనకు భాగ్యరెడ్డి వర్మగా తెలుసు. పేరులోనే భాగ్యం ఉంది. ఆయన భాగ్యం వస్తదని కూర్చోలేదు. 1906లో జగన్మిత్ర మండలి పెట్టాడు, 1910లో ఇసామియా బజారులో బడి తెరిచాడు, ఆడపిల్లలను జోగినులుగా వదిలే దురాచారం మీద కొట్లాడాడు. అరిగె రామస్వామి ఆ పనిలో సికింద్రాబాద్ వైపు నిలబడ్డాడు. జోగిని వ్యవస్థను మించిన "విధితో సామరస్యం" ఎక్కడుంది? పసిపిల్లను దేవతకు ఇచ్చారు, ఆ పిల్లకు అది రాసి ఉంది అన్నారు. రాసింది దేవత కాదు, ఊరి పెద్దల అవసరం అని ఆ మనుషులు పేరు పెట్టి చెప్పారు. ఆ తరం ఉద్యమ చరిత్రను పి.ఆర్. వెంకటస్వామి ఇంగ్లీషులో రాసి 1955లో ఈ సికింద్రాబాద్‌లోనే అచ్చు వేయించాడు. ఆ పుస్తకం పేరులో పోరాటం ఉంది, విముక్తి ఉంది. విధి లేదు.

ఇంతా చెప్పాక ఒక ప్రశ్న మిగులుతది. ఏదీ ఒప్పుకోవద్దా? ఎప్పుడూ కొట్లాటేనా? మనిషికి శాంతి వద్దా?

కావాలి. వానను ఒప్పుకోవాలి. ముసలితనాన్ని, చావును ఒప్పుకోవాలి. మన మనసు మన చేతిలో ఉందని బానిసగా బతికిన ఎపిక్టెటస్ చెప్పిన మాటలో విలువ ఉంది. కానీ కులం వాన కాదు. కట్నం ముసలితనం కాదు. ఫీజు కట్టలేక సీటు పోవడం భూకంపం కాదు. మనిషి చేసినదాన్ని ప్రకృతి లెక్కలో కలిపి ఒప్పుకోమనే చోటే మోసం ఉంది.

మా అమ్మమ్మ రోజంతా పని చేసి రాత్రి నడుం వాల్చేటప్పుడు "ఏం జేస్తం, రాత" అనేది. ఆ మాటను నేను తప్పు పట్టను. ఆమెకు అది నిద్రపోవడానికి ఒక దారి. తెల్లారి లేచి, ఆ రాతకు విరుద్ధంగా, మా అమ్మను బడికి తోలింది. ఆమె "రాత" నిట్టూర్పు. అదే మాట పెద్ద కుర్చీలో ఉన్న మనిషి అంటే అది ఆర్డరు. "అతని దురదృష్టం" అని ఫైలు మూస్తే ఇంకెవరూ దాన్ని తెరవరు. ఈ రెండు "రాత"లనూ ఒకటిగా చూడొద్దు. మన అమ్మలను మూఢులని వెక్కిరించే హేతువాదం నాకొద్దు.

ఆదివారాలు మా బస్తీ కమ్యూనిటీ హాల్లో కొంతమందిమి కూర్చొని చదువుకుంటాం. పోయినేడు ఒక తమ్ముడు రావడం మానేశాడు. పిలిపిస్తే వచ్చాడు. పీజీలో సీటు వచ్చింది, కానీ డిగ్రీ చదివిన ప్రైవేటు కాలేజీ వాళ్లు సర్టిఫికెట్లు ఇవ్వలేదు. ఫీజు రీయింబర్స్‌మెంట్ బకాయి ఉంది, కట్టి తీసుకుపో అన్నారు. గడువు అయిపోయింది, సీటు పోయింది. "నా రాతల పీజీ లేదు మేడం. మా నాయినకు గూడ గిట్లనే పదోతరగతిల ఆగింది."

ఆ రోజు పాఠం పక్కన పెట్టాం. తెల్లకాగితం తీసి "నా సీటు పోయింది" అనే వాక్యం కింద కర్తల జాబితా రాయమన్నాం. మొదట ఒక్కటీ రాలేదు. మెల్లగా వచ్చినయి. డబ్బు విడుదల చేయని శాఖ. విద్యార్థి కాగితాలను తాకట్టు సరుకులాగా దగ్గర పెట్టుకున్న యాజమాన్యం. అసలు కాగితాలు లేకుంటే గడువు పెంచం అన్న అడ్మిషన్ నియమం. "మీ ప్రాబ్లం మీదే" అని కిటికీ మూసిన గుమస్తా. నాలుగు పేర్లు అయ్యేసరికి తమ్ముడి ముఖం మారింది. ఏడుపు పోయి కోపం వచ్చింది. ఆ కోపంతో దరఖాస్తులు పోయినయి, విద్యార్థి సంఘం పిల్లలు ఆయనతో నాలుగుసార్లు తిరిగారు. సర్టిఫికెట్లు వచ్చినయి. సీటు రాలేదు, ఏడాది పోయింది. పోయిన ఏడాది ఎవరూ తిరిగి ఇవ్వరు. ఈ ఏడు మళ్లీ రాసి చేరాడు.

గెలిచామని ఇది చెప్పట్లేదు. "నా రాత" అన్నప్పుడు ఆ పిల్లవాడు ఒంటరి. "ఆ కిటికీ" అన్నప్పుడు ఆ కిటికీ ముందు నిలబడ్డ వందమందిలో ఒకడు. విధి మనల్ని ఒక్కొక్కరిని చేస్తుంది, కర్త పేరు తెలిస్తే మనం గుంపు అవుతాం.

ఇప్పుడు ప్రాణం సంగతి. మ్యాన్‌హోల్‌లో దిగి మన మనుషులు చనిపోయినప్పుడు పేపర్లో ఎట్లా రాస్తారో చూడండి. "విధి నిర్వహణలో మృత్యువాత." ఇంకో పేపర్లో "విధి వెక్కిరించింది." చూశారా, రెండు విధులూ ఒకే చావు మీద వచ్చి కూర్చున్నయి. విషవాయువు తప్ప ఎవరూ ఏమీ చేయలేదు. వాక్యంలో కాంట్రాక్టరు లేడు, దిగమన్న సూపర్‌వైజరు లేడు, యంత్రం కొనని కార్యాలయం లేదు.

ఆ వాక్యాన్ని తిరగరాసినవాళ్లు ఉన్నారు. కోలార్ బంగారు గనుల కాలనీలో సఫాయి కుటుంబంలో పుట్టిన బెజవాడ విల్సన్, ఐఏఎస్ అధికారి ఎస్.ఆర్. శంకరన్ వంటివాళ్లతో కలిసి సఫాయి కర్మచారి ఆందోళన్ మొదలుపెట్టాడు. 1993లోనే చట్టం ఉంది, అమలు లేదు. అధికారులు మా దగ్గర ఈ పని లేనే లేదు అంటుంటే, వీళ్లు ఊరూరా తిరిగి లెక్క తీశారు. 2003లో సుప్రీంకోర్టుకు పోయారు. 2013లో కొత్త చట్టం వచ్చింది. 2014 మార్చి 27న తీర్పు వచ్చింది, 1993 నుంచి మురుగు గుంతల్లో చనిపోయిన ప్రతి మనిషి కుటుంబానికి 10 లక్షలు ఇవ్వాలని. 2023 అక్టోబరులో ఇంకో తీర్పు దాన్ని 30 లక్షలు చేసింది. చావులు ఆగలేదు. కానీ ఒకటి మారింది. తలరాతకు నష్టపరిహారం ఉండదు. పరిహారం ఇవ్వాలని కోర్టు అన్నదంటే, అది తలరాత కాదు, ఎవరో బాధ్యులున్న నేరం అని ఒప్పుకున్నట్టు. నలభై ఏండ్ల మనిషి పోతే 30 లక్షలు న్యాయమా అంటే కాదు. అయినా ఆ కాగితం మీద కర్త ఉన్నాడు.

రోహిత్ వేముల తన పుట్టుకను కర్మ అనలేదు, ప్రమాదం అన్నాడు. 2016 జనవరి 17 తర్వాత ఆ మాట మీద చాలా చర్చ జరిగింది. నాకు అందులో ఇప్పటికీ ఒక తేడా వినబడుతుంది. కర్మ అయితే అడగడానికి ఏమీ లేదు. ప్రమాదం అయితే ఎట్లా జరిగింది, ఎవరు చేశారు అని విచారణ అడగొచ్చు. ఆ విచారణ అడగాల్సినవాళ్లం మనం, బతికి ఉండి అడగాల్సినవాళ్లం. రాత్రి రెండింటికి ఫోన్‌లో ఆ వీడియో చూస్తున్న తమ్ముడూ, చెల్లీ, ఈ ముక్క నీకోసమే. ఆ గంటలో వీడియో బంద్ చేసి ఎవరికైనా ఫోన్ చెయ్. దోస్తుకు చెయ్, అక్కకు చెయ్, వార్డెన్‌ను లేపు. కర్త ఎవరో కలిసి వెతుకుదాం, పొద్దున దాకా ఆగు.

వచ్చే ఆదివారానికి అందరికీ ఒక పని. మీ ఇంట్లో, బస్సులో, ఆఫీసులో, పేపర్లో "రాత", "విధి", "ఖర్మ", "ప్రాప్తం", "దురదృష్టవశాత్తు" అనే మాటలు ఎక్కడ వచ్చినా ఒక నోట్‌బుక్‌లో రాసుకోండి. పక్కన రెండు గళ్లు గీయండి. మొదటి గడిలో ఆ మాట అన్నది ఎవరు, ఎవరి బాధ గురించి అన్నారు అని రాయండి. రెండో గడిలో ఆ వాక్యానికి కర్త ఎవరో రాయండి. తెలియకపోతే ఖాళీగా ఉంచండి, తీసుకొని రండి. ఖాళీలు కలిసి నింపుదాం.

జై భీమ్.